ఏ లోటూ లేని ఇల్లు

ఎల్‌బీ నగర్ కోర్టు రెండో అంతస్తు వరండాలో ఒక పొడుగాటి చెక్క బెంచీ ఉంది. మూడేళ్ళుగా వాయిదా వాయిదాకీ ఆ బెంచీకి ఈ కొసన లచ్చమ్మ, ఆ కొసన సీతామహాలక్ష్మి కూర్చుంటూ వచ్చారు. ఇద్దరి కొడుకులూ ఒకే కేసులో ముద్దాయిలు. ఒకే జైలు నుంచి ఒకే వ్యానులో వచ్చి దిగుతారు, ఒకే బోనులో పక్కపక్కన నిలబడతారు. అలాంటి తల్లులిద్దరూ ఒకరి భుజం మీద ఒకరు తల పెట్టుకుని ఏడుస్తూ ఉంటారని మీరనుకుంటే, మీకు లచ్చమ్మ సంగతి తెలియదన్నమాట.

లచ్చమ్మకు సీతామహాలక్ష్మిని చూస్తే కడుపులో మంట. ఆమె తెచ్చుకునే స్టీలు ఫ్లాస్కును చూస్తే మంట. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా మడత చెడని ఆ నేత చీరను చూస్తే మంట. అన్నిటికన్నా, ఆమె ఒళ్ళో ఉండే నీలం రంగు ఫైలును చూస్తే మరీ మంట. అందులో ఏముందో లచ్చమ్మకు తెలియదు. కానీ అంత లావు ఫైలు ఉన్నవాళ్ళ కొడుక్కి ఏమీ కాదని ఆమెకు గట్టి నమ్మకం. తన దగ్గర ఉన్నది వాయిదా తేదీ రాసిచ్చిన చిన్న కాగితం ముక్క. అది కూడా జాకెట్లో పెట్టుకుని చెమటకు నానిపోయింది.

సీతామహాలక్ష్మి వాళ్ళది గుంటూరు వైపు. భర్త పట్టాభి దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్లో లెక్కలు చెబుతాడు. ఆయన దగ్గర చదివి సీట్లు కొట్టినవాళ్ళ ఫొటోలు ఫ్లెక్సీల మీద రోడ్డంతా వేలాడుతుంటాయి, కొడుకు రవితేజ ఫొటో తప్ప. లచ్చమ్మది నకిరేకల్ దగ్గర పల్లె. చైతన్యపురిలో ఒక ఆడపిల్లల హాస్టల్లో రెండు పూటలా వంట చేస్తుంది. భర్త సీతారాములు పోయి ఐదేళ్ళయింది. కూతురు అరుణజ్యోతి చీరల షాపులో పనిచేస్తుంది. కొడుకు శేఖర్ ఆటో నడిపేవాడు.

నాగోల్‌లో ఒక అపార్ట్‌మెంటులో వెంకట్రావు, అమ్మాజీ అని ముసలి దంపతులు ఉండేవారు. వారానికి రెండుసార్లు వాళ్ళను ఆసుపత్రికి తీసుకెళ్ళి తీసుకొచ్చేది శేఖరే. చెయ్యి పట్టుకుని మెట్లెక్కించేది కూడా అతనే. ఆ ఇంట్లో బంగారం ఉందని, తన ఆటో ఎక్కుతూ స్నేహితుడైన రవితేజకు చెప్పింది శేఖర్. ఎప్పుడు వెళ్ళాలో, ఎలా వెళ్ళాలో ఆలోచించింది రవితేజ. ఒక మధ్యాహ్నం ఇద్దరూ కలిసి వెళ్ళారు. శేఖర్ గొంతు విని అమ్మాజీ తలుపు తీసింది. సాయంత్రానికి ఆ ఇంట్లో రెండు శవాలున్నాయి. ఎవరి చెయ్యి ఎంత అన్నది తేలలేదు. పాపం ఇద్దరిదీ సమానమేనని జడ్జిగారు తేల్చారు.

తన కొడుకు ఏం చేశాడో లచ్చమ్మకు బాగా తెలుసు. అమ్మాజీ ఒకసారి శేఖర్ చేత గోంగూర పచ్చడి పంపింది. అప్పటినుంచి ఇప్పటిదాకా, హాస్టల్లో గోంగూర వండిన రోజున లచ్చమ్మ అన్నం ముట్టదు. వాడికి శిక్ష పడాల్సిందేనని ఆమె కూడా అనుకుంటుంది. ఆమె కోరిక ఒక్కటే. ఉరి వద్దు. జైల్లోనే ముసలివాడైపోనీ, నెలకొకసారి చూసి వస్తాను, అంతే చాలు. ఇక ఆ ఒక్కటీ సీతామహాలక్ష్మి కొడుక్కి దొరికి తన కొడుక్కి దొరక్కుండా పోతే మాత్రం ఆమె ప్రాణం నిలవదు.

శిక్ష ఏమిటన్నది మూడు వారాల తరువాత చెబుతానన్నారు జడ్జిగారు. ఉరా, యావజ్జీవమా తేల్చేముందు ఆ మనిషి ఎలాంటి ఇంట్లో పుట్టాడో, ఎలా పెరిగాడో, ఏమేం పడ్డాడో తెలుసుకోవాలట. దానికోసం ప్రొబేషన్ ఆఫీసరు ఇద్దరి ఇళ్ళకూ వెళ్ళి, అడిగి, రాసుకుని, కోర్టుకు ఇవ్వాలి.

శేఖర్ తరఫున వాదిస్తున్నది ప్రసన్నకుమార్. ప్రభుత్వం ఇచ్చిన వకీలు. మంచివాడే గానీ ఆయన చేతి కింద ఎన్ని కేసులున్నాయో ఆయనకే గుర్తుండదు. ఆ రోజు మెట్లు దిగుతూ లచ్చమ్మతో చెప్పాడు.

"అమ్మా, ఆఫీసరు గారు మీ ఇంటికి వస్తారు. కంగారు పడకండి. ఉన్నది ఉన్నట్టు చెప్పండి."

అంతలో ఫోన్ మోగింది. ఫోన్ చెవికి పెట్టుకుని ఇంకో హాలులోకి పరుగెత్తాడు. ఒక మనిషి మెడకు సంబంధించిన సలహా అక్కడితో అయిపోయింది.

ఉన్నది ఉన్నట్టు చెప్పాలట! పరువున్న ఆడది ఇంటికొచ్చిన కొత్త మనిషి ముందు ఉన్నది ఉన్నట్టు ఎక్కడైనా చెబుతుందా? ఇంటికొచ్చి, తండ్రి తాగేవాడా, ఇల్లు ఎలా నడిచేది, పిల్లవాణ్ణి ఎలా పెంచారు అని అడిగేవాళ్ళు లచ్చమ్మ ఎరిగిన లోకంలో ఒక్కరే ఉన్నారు. సంబంధం చూడ్డానికి వచ్చేవాళ్ళు. అరుణజ్యోతి కోసం ఈమధ్యే ఇద్దరు ముగ్గురు వచ్చి వెళ్ళారు. వాళ్ళకు ఏం చెప్పాలో ఆమెకు నోటికి వచ్చు.

అయినా మొదట్లో కొంత చెబుదామనే అనుకుంది. ఆ ఉద్దేశాన్ని పాడుచేసింది కూడా సీతామహాలక్ష్మే, పాపం ఆవిడకు తెలియకుండానే. ఒకరోజు పొద్దున హాస్టల్లో టిఫిన్ పని ముగించుకుని వస్తుంటే, పట్టాభి వాళ్ళ అపార్ట్‌మెంటు ముందు ఒకాయన స్కూటర్ స్టార్ట్ చేస్తున్నాడు. ముందు బ్యాగు, దానిలోంచి తొంగిచూస్తున్న కోర్టు కాగితాలు. గేటు దగ్గర సీతామహాలక్ష్మి రెండు చేతులూ జోడించి నిలబడి ఉంది. ఆయన కూడా బండి మీద నుంచే తల వంచి నమస్కారం పెట్టి వెళ్ళిపోయాడు. ఆఫీసరు ముద్దాయి తల్లికి నమస్కారం పెట్టడమా!

లచ్చమ్మకు అరికాళ్ళ నుంచి నెత్తి దాకా మంట లేచింది. ఏం చూపించి ఉంటుంది లోపల? అద్దాల బీరువా నిండా పుస్తకాలు చూపించి ఉంటుంది. చిన్నప్పుడు వాడు బడిలో తెచ్చుకున్న కప్పులు, పతకాలు చూపించి ఉంటుంది. మా వంశంలో చీమకు కూడా హాని చేసినవాళ్ళు లేరండీ అని ఉంటుంది. ఆ మాటలకు ఆఫీసరు కరిగిపోయాడు, అందుకే నమస్కారం. రేపు ఇదే మనిషి తన రెండు గదుల రేకుల ఇంటికి వస్తాడు. ఈ ఇంట్లోంచి హంతకుడే వస్తాడు మరి అనుకుంటాడు. అనుకోనిస్తుందా లచ్చమ్మ?

మర్నాడంతా ఆమెకు పండగ పనే. హాస్టల్ వార్డెన్‌ను బతిమాలి చేతులున్న కుర్చీలు రెండు తెచ్చింది. కిటికీకి కొత్త కర్టెన్ కట్టింది. సీతారాములు ఫొటోను తుడిచి బంతిపూల దండ వేసింది. పక్కింటి లచ్చయ్య వయసులో ఉన్నప్పుడు కబడ్డీలో గెలిచిన షీల్డు అడిగి తెచ్చి టీవీ పక్కన పెట్టింది. అరుణజ్యోతి షాపు నుంచి వచ్చి ఇదంతా చూసి గుమ్మంలోనే ఆగిపోయింది.

"ఏందమ్మా గిదంతా? గా షీల్డు ఎవరిది?"

"మీ అన్నది."

"అన్న కబడ్డీ ఎన్నడాడిండు? పదేండ్లకే లారీ మీద క్లీనర్‌గ తోలిండు గదా నాయిన. గది చెప్పవా ఆఫీసరుకు? తాగొచ్చి బెల్టుతోని కొట్టింది చెప్పవా?"

"సచ్చినోని మీద చాడీలు చెప్పాల్నా? రేపు నీకు సంబంధాలు రావద్దా?"

"నా సంగతి ఇడువు. నువ్వు నన్నొక్కదాన్నే ఎత్తుకొని అమ్మమ్మోళ్ళింటికి పోయినవంట గదా, అన్నను ఇడిచిపెట్టి..."

"నోరు మూస్తవా లేదా!" అని లచ్చమ్మ అరిచిన అరుపుకు పక్కింట్లో రేడియో ఆగింది.

నిజమే. శేఖర్‌కు అప్పుడు ఏడేళ్ళు. అరుణజ్యోతికి రెండేళ్ళు. ఒక రాత్రి సీతారాములు రోకలి ఎత్తాడు, ఈసారి చంపేసేవాడే. మర్నాటి మధ్యాహ్నం అతను తాగి పడుకున్నప్పుడు లచ్చమ్మ చంటిదాన్ని చంకనేసుకుని పుట్టింటికి పోయింది. ఇద్దరు పిల్లలతో వెళితే వదినలు ఉండనివ్వరని పిల్లవాణ్ణి వదిలేసింది. నిద్రపోతున్నాడు కదా, లేచేసరికి నేనుండను, ఏడిచి ఊరుకుంటాడు అనుకుంది. ఎనిమిది నెలలకు పెద్దమనుషులు మాట్లాడి మళ్ళీ కాపురానికి పంపారు. తిరిగొచ్చేసరికి వాడి ముంజేతుల మీద బీడీ కాల్పుల మచ్చలున్నాయి. వాడు తల్లిని చూసి ఏడవలేదు, దగ్గరికి రాలేదు, లేచి వెళ్ళి మంచినీళ్ళు తెచ్చిచ్చాడు. ఈ సంగతి లచ్చమ్మ తన నోటితో ఎవరికీ చెప్పలేదు. చుట్టాలావిడ ఎవరో అరుణజ్యోతి చెవిన వేసింది.

ఆఫీసరు చెప్పిన టైముకే వచ్చాడు. పేరు సైదులు. నెమ్మదస్థుడు. కుర్చీలో కూర్చుని, మజ్జిగ తాగి, అతను మొదట అడిగిన మాటకే లచ్చమ్మ జంకింది.

"మీది ఏ ఊరమ్మా?"

"నకిరేకల్ కాడ సార్."

"అట్లనా! మాది శాలిగౌరారం. మనోళ్ళే అయితిరి."

మనవాళ్ళే అయ్యారా, ఇక చచ్చామన్నమాటే. ఈయన నోట్లోంచి ఒక్క మాట జారితే ఊరంతా పాకుతుంది. వదినల దాకా వెళుతుంది. లచ్చమ్మ కొంగు సర్దుకుని కూర్చుంది.

"శేఖర్ వాళ్ళ నాయిన ఎట్లాంటోడు?"

"దేవుడసొంటోడు సార్. సాయంత్రమైతే పిల్లలకు బొమ్మలో, మిఠాయో పట్టుకొని ఒచ్చెటోడు."

"తాగుడు?"

"పెండ్లిండ్లల్ల గూడ ముట్టకపోతుండె."

"పిల్లగాన్ని కొట్టెటోడా?"

"ఒక్క దెబ్బ గూడ ఎయ్యలే సార్."

"సదువెందుకు ఆపిండు?"

"వానికే మనసు లేకపాయె. మేమైతే ఎంత దూరమన్న సదివిస్తమన్నం."

అరుణజ్యోతి వంటింటి గుమ్మంలో నిలబడి తల్లినే చూస్తోంది. సైదులు ఆ అమ్మాయి వంక చూశాడు, ఫొటో వంక చూశాడు, షీల్డు వంక కూడా చూశాడు. పెన్ను మూసి పక్కన పెట్టాడు.

"అమ్మా, నేను పిల్లను చూడ రాలే. కష్టముంటే కష్టమున్నదనే చెప్పు. నీ కొడుక్కి అదే మంచిగైతది. నాకు చెప్పింది ఊర్ల చెప్పుకోను."

సంబంధానికి వచ్చినవాళ్ళు కూడా ఇలాగే అంటారు. మనలో మనకు దాపరికం ఏముంది వదినా అంటారు, బస్సెక్కేలోపు పదిమందికి చెబుతారు. లచ్చమ్మ అలాంటి తీపి మాటలు చాలా విన్నది. అయినా ఒక్క క్షణం ఆమె నోరు తెరుచుకుంది. సరిగ్గా అప్పుడే ఆ గేటు ముందు ఈ మనిషి పెట్టిన నమస్కారం కళ్ళ ముందు ఆడింది. తనకూ అలాంటి నమస్కారం కావాలి.

"కష్టమేం లేదు సార్. మా ఇంట్ల వానికి ఏ లోటు లేకుండె," అంది.

సైదులు రాసింది చదివి వినిపించాడు. లచ్చమ్మ తల ఊపి సంతకం చేసింది. వెళ్ళేటప్పుడు అతను నమస్కారం పెట్టలేదు. ఊరికే నిలబడి ఆమెను కాసేపు చూసి స్కూటర్ ఎక్కాడు. అయినా ఆ సాయంత్రం హాస్టల్లో చపాతీలు ఒత్తుతూ లచ్చమ్మ మూడేళ్ళలో మొదటిసారి కూనిరాగం తీసింది. ఇప్పుడు తన కొడుకూ, ఆవిడ కొడుకూ సమానమే. ఒకరిని మించి ఒకరు మంచి ఇళ్ళలో పుట్టారు.

శిక్ష మీద వాదన రోజున కోర్టు హాలులో తల్లులిద్దరికీ పక్కపక్కనే కుర్చీలు దొరికాయి. అమ్మాజీ కూతురు ముందు వరసలో కూర్చుని ఉంది. ఆమె వైపు చూడ్డానికి ఇద్దరికీ ధైర్యం చాలలేదు.

మొదట రవితేజ రిపోర్టు. వాళ్ళు పెట్టుకున్న పెద్ద లాయరు లేచి ఒక్కొక్క ముక్కా తెలుగులోనే చదివాడు. మార్కులు తగ్గితే తండ్రి స్కేలుతో వేళ్ళ కణుపుల మీద కొట్టేవాడు. ఇరవై గంటలు బాత్రూములో పెట్టి గొళ్ళెం వేసిన రోజులున్నాయి. పదహారో ఏట పిల్లవాడు నిద్రమాత్రలు మింగాడు. ఆసుపత్రి కాగితాలు ఇవిగో. మానసిక వైద్యుడు ఇచ్చిన నివేదిక ఇదిగో. చూస్తూ ఊరుకున్నాను, అడ్డుపడలేదు, నాదే తప్పు అని తల్లి చెప్పింది, సంతకం పెట్టింది.

లచ్చమ్మ తన చెవులను తాను నమ్మలేకపోయింది. పక్కకు తిరిగి చూసింది. సీతామహాలక్ష్మి తల దించుకుని ఉంది. కన్నీళ్ళు ఆ నేత చీర మీద పడుతున్నాయి. వెనక వరసలో పట్టాభి గోడను చూస్తున్నాడు. అద్దాల బీరువాలు లేవు, కప్పులు లేవు. ఆ నీలం ఫైలు నిండా ఉన్నవన్నీ దెబ్బలే! బెల్టు దెబ్బలు తిన్నది తన కొడుకు, బీడీ కాల్పులు పడ్డది తన కొడుకు, బడి మానేసి లారీ తుడిచింది తన కొడుకు. కష్టాలు తమవైతే, చెప్పుకున్నది వాళ్ళు. ఆఖరికి ఏడుపును కూడా వీళ్ళే పట్టుకుపోయారు అనుకుంది.

తరువాత శేఖర్ రిపోర్టు చదివారు. రెండు పేజీలు. తండ్రి సౌమ్యుడు, వ్యసనాలు లేవు. పిల్లలంటే ప్రాణం. కుటుంబంలో ఏ లోటూ లేదు. చదువు మానింది ముద్దాయి ఇష్టం మీదే. బోనులో శేఖర్ కదలకుండా నిలబడి విన్నాడు.

ప్రసన్నకుమార్ మొహం పాలిపోయింది. ఆ రిపోర్టు ఆయన చేతికి అందింది ఆ పొద్దునే. జడ్జిగారిని ఒక్క నిమిషం అడిగి, గబగబా లచ్చమ్మ దగ్గరికి వచ్చి వంగి గొంతు తగ్గించి అడిగాడు.

"అమ్మా, ఇంకేమైనా ఉందా? చిన్నప్పుడు వాడు పడ్డ కష్టం ఏదైనా? ఇప్పుడు చెప్పినా నేను జడ్జిగారికి చెప్పి టైము అడుగుతాను. ఉందా?"

ఉంది. నాలుక చివరే ఉంది. కానీ పక్కనే జానెడు దూరంలో సీతామహాలక్ష్మి ఉంది. ఆవిడ చెప్పింది మొగుడి తప్పు. కొట్టింది ఆయన, గొళ్ళెం వేసింది ఆయన. తాను చెప్పాల్సింది కన్నకొడుకును వదిలేసి పోయిన తల్లి సంగతి. ఈవిడ వినేటట్టా? చేతిలో ఉన్న రుమాలు పక్కన పెట్టి, అయ్యో పాపం అని తనవైపు చూసేటట్టా? ఈ మూడేళ్ళూ ఆవిడ ముందు తల దించకుండా కూర్చున్నది ఇందుకేనా?

లచ్చమ్మ లేదన్నట్టు తల అడ్డంగా ఊపింది.

తీర్పు మధ్యాహ్నం మూడింటికి చెప్పారు. రవితేజకు యావజ్జీవం. అతని బతుకులో తగిలిన గాయాలను లెక్కలోకి తీసుకోకుండా ఉండలేనన్నారు జడ్జిగారు. శేఖర్‌కు ఉరి. తలుపు తీసిన ముసలావిడ ఇతన్ని నమ్మి తీసింది. మంచి ఇంట్లో, ప్రేమగల తల్లిదండ్రుల దగ్గర పెరిగినవాడు ఇంత పని ఎందుకు చేశాడో వెతికితే తనకు ఏ కారణమూ కనపడలేదని, కనికరించడానికి చిన్న ఆధారం కూడా దొరకలేదని చెప్పి కలం పక్కన పెట్టేశారు. నేరం ఇద్దరిదీ సమానమే అన్న నోటితోనే ఆ మాట అన్నారు. తప్పు పట్టడానికి లేదు. ఆయన ముందుకు వచ్చిన కాగితాల్లో ఉన్నది అంతే.

"అబద్ధం సారూ! నేను అబద్ధమాడిన!" అని లచ్చమ్మ లేచి అరిచింది. అప్పటికే జడ్జిగారు లోపలికి వెళ్ళిపోయారు. లేడీ కానిస్టేబులు ఆమెను పట్టుకుని వరండాలోకి తెచ్చి బెంచీ మీద కూలేసింది.

కాసేపటికి ఎవరో ఫ్లాస్కు మూతలో కాఫీ పోసి ముందుకు చాచారు. సీతామహాలక్ష్మి. లచ్చమ్మ దాన్ని చేత్తో తోసేసింది. కాఫీ ఇద్దరి మీదా ఒలికింది.

"దెబ్బలు మావోడు తిన్నడమ్మగారూ," అంది లచ్చమ్మ. "మీ ఇంట్ల బాత్రూముల పెట్టిన్రు. మా ఇంట్ల బాత్రూమే లేకుండె. మీరెట్ల చెప్పిన్రు గవన్ని? జర సిగ్గనిపియ్యలేదా?"

సీతామహాలక్ష్మికి కోపం రాలేదు. పక్కన కూర్చుంది.

"నేనూ మొదట చెప్పలేదు లచ్చమ్మా. మా ఇంట్లో ఏ గొడవా లేదండీ, మావారు దేవుడండీ అనే చెప్పాను. మా లాయరుగారు వినలేదు. ఆఫీసరు రాకముందే నాలుగు సాయంత్రాలు మా ఇంటికొచ్చి కూర్చున్నారు. మీకు పరువు కావాలా, పిల్లాడు కావాలా అని కేకలేశారు. నాలుగో రోజుకి నోరు పెగిలింది. మావారు లేచి బయటికి వెళ్ళిపోయారు. ఇవాళ్టికీ నాతో మాట్లాడటం లేదు." కొంచెం ఆగి అడిగింది, "నీకెవరూ చెప్పలేదా, ఇలా చెప్పాలని?"

"చెప్పిండు. మెట్లు దిగుకుంట చెప్పిండు మా సారు."

ఈ మూడేళ్ళలో లచ్చమ్మ ఆవిడ ఫ్లాస్కు మీద ఏడ్చింది, చీర మీద ఏడ్చింది, ఫైలు మీద ఏడ్చింది. అసలు ఏడవాల్సింది ఆ నాలుగు సాయంత్రాల మీద అని ఆమెకు ఇప్పుడు తెలిసింది. తన ఇంటికి కూడా ఎవరో ఒకరు వచ్చి, కుర్చీ లాక్కుని కూర్చుని, నాలుగు రోజులు కేకలేసి ఉంటే! ఆ కుళ్ళు ముందున్న కుళ్ళులాంటిది కాదు.

ప్రసన్నకుమార్ ఆ సాయంత్రం మాత్రం మెట్ల మీద మాట్లాడలేదు. వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. ఉరిశిక్షను హైకోర్టు ఖరారు చేస్తేనే అమలవుతుందని, అక్కడ మళ్ళీ విచారణ అడగొచ్చని చెప్పాడు.

"కానీ అమ్మా, వాళ్ళు అడిగే మొదటి మాట ఇదే. అప్పుడలా చెప్పి ఇప్పుడిలా చెబుతున్నారు, ఏది నమ్మమంటారు అని. అన్నీ చెప్పాల్సి ఉంటుంది. దేన్నీ దాచకూడదు. తప్పు నాది కూడా. నేను ముందే వచ్చి కూర్చోవాల్సింది."

"ముందు నా కొడుకును చూసొస్త సార్," అంది లచ్చమ్మ. "వాన్ని అడగకుంట చెప్పే ముచ్చట గాదు అది."

వారం తరువాత జైల్లో ములాఖత్ దొరికింది. అద్దానికి అవతల శేఖర్, ఇవతల లచ్చమ్మ. మధ్యలో ఒక ఫోన్. ఉరిశిక్ష పడ్డాక వేరే గదికి మార్చారట, గడ్డం పెరిగింది. చెల్లెలు ఎలా ఉందని అడిగాడు. లచ్చమ్మ సూటిగా అసలు సంగతిలోకి దిగింది. దారి పొడుగునా వల్లె వేసుకుంటూ వచ్చిన మాటలవి, ఆగితే మళ్ళీ రావు.

"కొడుకా, హైకోర్టుల అన్నీ చెప్త. మీ నాయిన సంగతి చెప్త. నిన్ను ఇడిచిపెట్టి పోయిన సంగతి గూడ చెప్త. నువ్వు నిద్రల ఉండంగ పోయిన నేను, దొంగ లెక్క."

శేఖర్ ఫోన్‌ను ఈ చెవి నుంచి ఆ చెవికి మార్చుకున్నాడు.

"నేను నిద్రపోలేదమ్మా."

"ఏంది?"

"నువ్వు చెల్లెను చంకనేసుకొని, చెప్పులు చేతుల పట్టుకొని పోయినవ్. గడప కాడ ఆగి నన్ను చూసినవ్. నేను కండ్లు గట్టిగ మూసుకొని పన్న. లేస్తే నువ్వు పోకపోదువు. ఉంటే నాయిన నిన్ను సంపుతుండె."

ఏడేళ్ళ వయసులో తల్లి ప్రాణం కోసం కళ్ళు మూసుకుని పడుకున్నవాడు, అమ్మాజీ తలుపు తీసినప్పుడు ఆ దయను ఎక్కడ పారేసుకున్నాడు? ఆ ఎనిమిది నెలల్లోనా? లారీ మీదా? అడిగితే వాడికీ తెలియదు. అది వెతకడానికే కదా ఆఫీసరు ఇంటికి వచ్చింది.

"గా సైదులు సారు నీ కాడికి గూడ ఒచ్చిండా?" అని అడిగింది, సమాధానం వినడానికి భయపడుతూనే.

"ఒచ్చిండు. నువ్వు చెప్పింది మొత్తం సదివి ఇనిపిచ్చిండు. నాయిన బొమ్మలు తెచ్చెటోడని, ఒక్క దెబ్బ గూడ ఎయ్యలేదని. నిజమేనా, లేకుంటే నువ్వేమన్న చెప్పుకుంటవా అని అడిగిండు."

"నువ్వేమన్నవ్?"

"అంతా నిజమే అన్న."

"ఎందుకురా? నీ పాణం మీదికి ఒస్తదని తెల్వదా?"

"నిన్ను అబద్ధాలదాన్ని జెయ్యాల్నా అమ్మా? గా సారు మనూరి దిక్కే అంట."

టైము అయిపోయిందని అవతల నుంచి ఎవరో అతని భుజం తట్టారు. ఫోన్ పెట్టేశాడు. లచ్చమ్మ ఇవతల ఇంకా ఏదో చెబుతూనే ఉంది, అద్దంలోంచి ఏమీ వినపడదని తెలిసి కూడా.

బయట ములాఖత్ గేటు ముందు యాభైమంది దాకా వరసలో ఉన్నారు. లచ్చమ్మ అక్కడే నిలబడి ప్రసన్నకుమార్‌కు ఫోన్ కలిపింది. ఎంగేజ్ వచ్చింది. మళ్ళీ కలిపింది. నాలుగోసారికి ఆయన ఎత్తాడు.

"సారూ, రాసుకోండ్రి. నా కొడుకు ఏడేండ్లోడున్నప్పుడు నేను వాన్ని వాని నాయిన చేతుల ఇడిచిపెట్టి పోయిన. ఎనిమిది నెలలు. తల్లిని నేనే."

వరసలో వాళ్ళంతా తిరిగి చూశారు. వాళ్ళలో, చేతిలో పండ్ల సంచితో, సీతామహాలక్ష్మి కూడా ఉంది. లచ్చమ్మ ఆమెను చూసింది. గొంతు మాత్రం తగ్గించలేదు.